మూఢంలో ఒడిబియ్యం

పెండ్లి వద్దన్న ఆడదానికి ఆఖర్న దగ్గు ఎందుకు వస్తుందని మా అక్క భూదేవి నన్ను అడిగింది.

చదువుతున్న పేజీలో వేలు పెట్టి తలెత్తాను. "ఎవలకక్కా?"

"నువ్వు సదివేటి బుక్కులల్లనే. మొన్నటిదానికి దగ్గే. అంతకుముందుదానికి దగ్గే. పెండ్లద్దని ఇంట్లకెళ్ళి ఎల్లిందంటే సాలు, పది పేజీలకు ఖళ్ళు ఖళ్ళు మొదలువెడ్తది. గా రాసినోనికి ఆమె మీద ఏం పగనే?"

"దగ్గు రాకుంటే బాయిల దుంకుతది," అన్నది పక్కింటి నర్సవ్వ. చేతిలో తునికాకు చుట్టడం ఆపలేదు. "దగ్గే నయం తియ్యి. ఊరోళ్ళ నీళ్ళన్న ఖరాబు గావు."

ఇద్దరూ నవ్వారు. నేను నవ్వలేకపోయాను. ఆ నవలలంటే నాకు అంత భక్తి.

అది రెండు వేల నాలుగు ఎండాకాలం. కోరుట్లలో మా అక్క అత్తగారింటి వసారాలో కూర్చునేవాళ్ళం. అక్క ఒళ్ళో ఒక బీడీల చాట, నర్సవ్వ ఒళ్ళో ఒక చాట, నా ఒళ్ళో అట్ట ఊడిన పాత నవల. జగిత్యాలలో డిగ్రీ ఆఖరు పరీక్షలు రాసి వచ్చాను. మా ఇంట్లో అందాకా చదివినదాన్ని నేనే. ఎం.ఏ. తెలుగు ప్రవేశపరీక్ష కోసం గ్రంథాలయం నుంచి పాత నవలలు తెచ్చుకున్నాను. ఒక్కదాన్నే మనసులో చదువుకుంటే పిల్ల పనిలేక కూర్చుందని వాడకట్టువాళ్ళు అంటారని, పైకి చదవమన్నది అక్క. పైకి చదివితే అది పనిలెక్క కనిపిస్తుందట.

ఆ నవలల్లో ఆడవాళ్ళు మా అమ్మమ్మల కాలంవాళ్ళు. మా దిక్కువాళ్ళు కారు. వాళ్ళకు మేడలుండేవి, వంటమనుషులుండేవాళ్ళు. ఒకరోజు ఈ పెండ్లి నాకొద్దని తలుపు తీసుకుని వెళ్ళిపోయేవాళ్ళు. అక్కడికి వచ్చేసరికి నాకు తెలియకుండానే నా గొంతు పెద్దదయ్యేది. అక్క మాత్రం బీడీకి దారం చుట్టుకుంటూ అడిగేది.

"ఎల్లింది, మంచిగనే ఉన్నది. తెల్లారి ఏం తిన్నది?"

"రాయలేదక్కా."

"యాడ పన్నది?"

"అది గూడ రాయలే. ఆమె నడుసుకుంట పోతది, సూర్యుడు ఉదయిస్తడు, అయిపోతది."

"సూర్యుడు అందరికి ఉదయిస్తడే. బియ్యం ఎవలు వోసిండ్రు?"

మా అక్కను ఏడో తరగతిలోనే బడి మాన్పించి చాట ముందు కూర్చోబెట్టారు. ఆ ప్రశ్న నా డిగ్రీ పరీక్షల్లో ఎన్నడూ రాలేదు.

బావ శ్రీహరి సౌదీలో దమ్మాం దగ్గర సెంట్రింగ్ పని చేసేవాడు. సౌదీకి పోయినా మస్కట్‌కు పోయినా మా దగ్గర దుబాయి పోయిండనే అంటారు. పెండ్లయి ఐదో ఏడు నడుస్తోంది గానీ ఇద్దరూ ఒక్క కప్పు కింద ఉన్న రోజులన్నీ కూడినా ఏడాది కాదు. పిల్లలు లేరు. శుక్రవారం అక్కడ సెలవు. ఆ రోజు మధ్యాహ్నం బక్కయ్య కిరాణం దుకాణానికి ఫోన్ చేసేవాడు. అక్క తల దువ్వుకుని, బొట్టు దిద్దుకుని పోయి దుకాణం ముందు బండ మీద కూర్చునేది.

"ఫోన్ల మాట్లాడెతందుకు బొట్టెందుకే?" అని నర్సవ్వ ఎక్కిరించేది.

"ఆయనకు కానరాకున్నా నాకు ఎర్కుంటది గదా," అనేది అక్క.

ఆ ఫోన్ ఒకసారి బుధవారం వచ్చింది. బీడీల దారం కోసం నేను దుకాణానికి పోయి ఉన్నాను. బక్కయ్య ఫోన్ ఎత్తి, విని, నా చేతికిచ్చాడు. అవతల రమేశ్. బావ క్యాంపులోనే ఉంటాడు, ఈ వాడకట్టు పిల్లవాడే.

"ఎవలు, రజనా? భూదేవక్క పక్కకు ఉన్నదా?"

"లేదన్నా. ఇంటికాడ ఉన్నది."

"మంచిది," అన్నాడు.

ఆ మంచిది అన్న మాటలోనే నాకు అంతా వినపడింది. తర్వాత అతను చెప్పింది చెవుల్లో పడింది గానీ కొత్తగా అనిపించలేదు. "డ్యూటీకి యాళ్ళయితుందని శ్రీహరన్నను లేపవోయిన చెల్లె. లేవలే. చేతులు వట్టి సూస్తే సల్లగున్నయి. డాక్టరు గుండె ఆగింది అన్నడు. మీ బాపుకు, మామకు చెప్పు. అక్కకు ఇప్పుడే చెప్పకుండ్రి. పెట్టె రావాలంటే కాయితాలు గావాలె, శాన రోజులైతది."

మా బాపు ఆగయ్య మా ఊరు బుగ్గారంలో కల్లు కోసం తాళ్ళు, అంటే తాటిచెట్లు, ఎక్కేవాడు. కబురందగానే మోకు భుజాన ఉండగానే బస్సెక్కి వచ్చాడు. బక్కయ్య దుకాణం వెనక బస్తాల మధ్య నిలబడి అక్క మామ మొండయ్యతో మాట్లాడాడు. మామ ఏడ్చి ఏడ్చి గొంతు పోగొట్టుకున్నాడు. అయినా ఆయనే ముందు తేరుకున్నాడు.

"గన్ని రోజులు దాన్ని ఎట్ల వట్టుకుంటం బావా? తిండి మానేస్తది. తల గోడకు కొట్టుకుంటది. పెట్టె అచ్చినంకనే చెప్దాం. ఎడారిల పనికి తోలిండ్రు, ఆడ ఫోన్ లేదు అందాం."

కొత్తగా కనిపెట్టిన ఉపాయం కాదది. మా దిక్కు దుబాయి చావులన్నీ ఇట్లనే జరిగేవి. పెట్టె వచ్చేదాకా ఊరందరికీ తెలుస్తుంది, భార్యకు తప్ప.

బాపు నా దిక్కు తిరిగాడు. "నువ్వు అక్కతోనే ఉండు బిడ్డా. ఇడిసిపెట్టకు. ఎవలన్న నోరు జారుతరు."

"సరే బాపూ," అన్నాను. చిన్నప్పటి నుంచీ బాపుకు నేను చెప్పిన జవాబు అదొక్కటే.

ఆ శుక్రవారం అక్క తల దువ్వుకుంటుంటే మామ వాకిట్లో నుంచే ఆ ఎడారి మాట చెప్పాడు. అక్క దువ్వెన ఆపి విన్నది. "ఎన్ని దినాలట?" అని మాత్రం అడిగింది. "చెప్పలే," అన్నాడు మామ. అక్క జడ పూర్తిగా వేసుకుని, చాట ముందుకు వచ్చి కూర్చుంది.

తర్వాతి రోజుల్లో ఆ ఇంట్లో అందరూ మంచివాళ్ళయిపోయారు. అన్నిటికంటె నాకు దానికే భయమేసేది.

అక్క అత్త పోచవ్వ నోరు వాడకట్టుకంతా తెలుసు. కోడలు నీళ్ళు ఎక్కువ పోసినా తిట్టు, తక్కువ పోసినా తిట్టు. ఆమె ఇప్పుడు పొద్దున్నే ఛాయ్ పెట్టి కోడలి చేతికి ఇచ్చేది. పెరుగు మీది మీగడ కోడలి గిన్నెలో వేసేది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి పోయేది. అక్క నీళ్ళకు పోతే బోరింగు దగ్గర ఆడవాళ్ళు జరిగి ముందు ఆమె బిందె పెట్టనిచ్చేవాళ్ళు. బక్కయ్య దుకాణంలో ఫోన్ మీద గుడ్డ కప్పి పెట్టాడు.

"ఏందే, అందరికి నా మీద ఇంత పావురం, గింత ప్రేమ పుట్టింది?" అన్నది అక్క ఒకరోజు. 

నేను పేజీ తిప్పాను.

మరో వారానికి మామ వడ్రంగి వడ్లాయనను పిలిపించి వాకిటి దర్వాజ తలుపులను చౌకటుతో, గడపతో సహా ఊడదీయించాడు. చెదలు పట్టిందని చెప్పాడు. అది టేకు చౌకటు. నర్సవ్వ నా చెవిలో అసలు సంగతి చెప్పింది. అంతకుముందు ఏడాది పక్క గల్లీకి వచ్చిన పెట్టె దర్వాజలో పట్టక, పక్కకు ఒరిగించి తీసుకుపోవాల్సి వచ్చిందట. లోపల మనిషి కదిలిన చప్పుడు అందరికీ వినపడిందట. మామ కొడుకు అట్లా రాకూడదనుకున్నాడు. ఆ రోజు నుంచి ఇల్లు నోరు తెరుచుకుని ఎదురుచూస్తున్నట్టుండేది. గాలిదుమారం లేస్తే ఎర్రమన్ను నేరుగా వసారాలోకి వచ్చి చాటల్లో పడేది.

ఇంకొకటి కూడా జరిగింది. అది నేను ఆలస్యంగా గమనించాను.

అక్క మరిది లక్ష్మీరాజం బస్టాండు దగ్గర ఆటో నడిపేవాడు. అక్క కంటె చిన్నవాడు. ఇంట్లో ఉన్నంతసేపూ వాడి నోట్లో ఒకటే పిలుపు. వదినె ఛాయ్, వదినె నా అంగేది, వదినె ఇటు సూడు. అటువంటివాడు ఇంటికి రావడమే తగ్గించాడు. వస్తే గోడ దిక్కు చూసి, "ఛాయ్ ఉన్నదా?" అనేవాడు. అక్క ఇస్తే గ్లాసు కింద పెట్టమని సైగ చేసేవాడు, చేతికి అందుకునేవాడు కాదు.

అట్లా ఎందుకు చేస్తున్నాడో పోచవ్వే నాతో చెప్పింది. పెరట్లో చింతపండు గింజలు తీస్తూ నన్ను దగ్గర కూర్చోబెట్టుకుంది.

"నువ్వు సదువుకున్నదానివి బిడ్డా. నీ మాట అది ఇంటది. రేపటి సంది దాని గతేంది? పెద్దోళ్ళు అనుకున్నరు. ఇంట్ల మనిషి ఇంట్లనే ఉంటది. రాజం గూడ నా కడుపున పుట్టినోడే గదా. దినాలు కాంగనే ఒక్కటి చేద్దమని మీ బాపు గూడ సరే అన్నడు."

"అక్కనా? రాజం బావకా?"

"మరేడికి పోతది? మీ బాపు కాడికి అస్తే ఏం పెడ్తడు? తాళ్ళు కల్లు పారుతలెవ్వు, బాయిలు ఎండె." గింజ ఒకటి పక్కకు విసిరింది. "నీ బుక్కులల్ల మంచిది ఒకటి సూడు. మొగడు పోయినదానికి మళ్ల మంచిగ అయినట్టు ఉంటది సూడు, గసొంటిది. జర దాని మనసుల వడేటట్టు సదువు."

నా దగ్గర అటువంటి నవల ఉంది. విధవకు మళ్ళీ పెండ్లి చెయ్యాలని ఊరిని ఎదిరించే మంచి మనుషుల కథ. పరీక్షలో ఆ నవల మీద ప్రశ్న వస్తుందని కూడా చెప్పారు. అది అభ్యుదయమని నేను నోట్సులో రాసుకున్నాను. మరునాడు దాన్నే తీశాను. పోచవ్వ లోపలి గది గడపలో కూర్చుని వింటోంది. నర్సవ్వ నా దిక్కు ఒక్క చూపు చూసి తల దించుకుంది. వసారాలో నా గొంతు, కత్తెర చప్పుడు తప్ప ఏమీ లేవు.

పెండ్లి ముహూర్తం దాకా వచ్చాక అక్క అడిగింది. "ఆమెను అడిగిండ్రా?"

"ఏమని?"

"చేసుకుంటవా అని."

వెనక్కి తిప్పి చూశాను. తండ్రి ఒప్పుకున్నాడు. గురువు ఒప్పుకున్నాడు. పెండ్లికొడుకు త్యాగం గురించి అతని స్నేహితుడు రెండు పేజీలు మాట్లాడాడు. ఆమె తలుపు వెనక నిలబడి కన్నీళ్ళు తుడుచుకుంది. అంతే.

"లేదక్కా," అన్నాను.

"ఊఁ," అని అక్క కట్టకు దారం బిగించింది. పోచవ్వ లేచి లోపలికి పోయింది.

ఆ వారమే బుగ్గారం నుంచి కబురు వచ్చింది. మమ్మల్ని కన్న అవ్వ అక్కకు ఒడిబియ్యం పోస్తదట, మా ఇద్దరినీ రమ్మన్నదట.

ఒడిబియ్యమంటే పెండ్లయిన బిడ్డకు తల్లిగారింట్లో పోసే పసుపు బియ్యం. బేసి ఏండ్లలో పోస్తారు. ఆలుమగలిద్దరినీ పక్కపక్కన కూర్చోబెట్టి, ముత్తైదువలు ఆమె కొంగులో బియ్యం, ఎండుకొబ్బరి కుడుకలు, ఖర్జూరాలు పోస్తారు. ఆ బియ్యం అత్తగారింటికి తీసుకుపోయి వండి పాలోళ్ళకు, అంటే దాయాదులకు, పెట్టాలి. ఐదో ఏడు బావ సెలవుకు వచ్చినప్పుడు ఇద్దరినీ కూర్చోబెట్టి పోస్తానని అవ్వ ఎప్పటి నుంచో అంటోంది.

మేం పోయేసరికి ఇల్లు అలికి, పీట వేసి ఉంది. ఒక్కటే పీట. మా అవ్వ వజ్రమ్మ పసుపు కలిపిన బియ్యం ముందు పెట్టుకుని కూర్చుంది. ఎవరి ముఖమూ చూడటం లేదు. బాపు బయట చింతచెట్టు కింద అటు తిరిగి కూర్చుని కత్తి నూరుతున్నాడు. నూరిందే నూరుతున్నాడు.

అక్క పీట మీద కూర్చుని కొంగు పట్టింది. అవ్వ రెండు దోసిళ్ళా బియ్యం ఎత్తింది. అప్పుడు అక్క మెల్లగా అన్నది.

"అవ్వా, మూఢం గదా."

అవ్వ దోసిళ్ళు గాలిలోనే ఆగాయి. శుక్రుడు కనపడని రోజులవి. మూఢంలో మా దగ్గర పెండ్లి చెయ్యరు, కొత్త ఇంట్లో పొయ్యి పెట్టరు, బిడ్డకు ఒడిబియ్యం పొయ్యరు. చదువురాని వాళ్ళకు కూడా ఆ లెక్క నోటికి వస్తుంది. అవ్వకు తెలియనిది కాదు. మూఢం పోయేదాకా ఆగితే పెట్టె వచ్చేస్తుందేమోనని ఆమె భయం. బిడ్డ ముత్తైదువగా ఉండగానే, తన కండ్లకైనా అట్లా కనపడుతుండగానే, ఒక్కసారి ఒడి నింపుకోవాలనుకుంది. బిడ్డకు ఏమీ తెలియకూడదని మేమంతా ఇన్ని రోజులు బిగపట్టుకుని ఉంటే, అవ్వ తన ప్రేమ కొద్దీ ఈ పని పెట్టుకుంది.

"మూఢం లేదు గీఢం లేదు," అన్నది అవ్వ. "పట్టు కొంగు."

బియ్యం పడుతుంటే అక్క తల వంచి వాటినే చూసింది. పోయడానికి వచ్చిన ముత్తైదువల్లో ఒకామె కండ్లు తుడుచుకుని, పొయ్యిల పొగ అన్నది. పొయ్యి వెలిగించనే లేదు.  ఆఖరు దోసిలి పడ్డాక అక్క కొంగు కొసలు రెండూ కలిపి ముడి వేసింది. ఒక ముడి వేసి, దాని మీద ఇంకో ముడి వేసింది. అవ్వ కాళ్ళు మొక్కింది. బాపు కాళ్ళు మొక్కడానికి చింతచెట్టు కిందికి పోయింది. బాపు కత్తి పక్కకు పెట్టి ఆమె తల మీద చెయ్యి పెట్టాడు.

బియ్యం మూట కట్టుకుని బస్సెక్కాం. జగిత్యాల బస్టాండులో కోరుట్ల బస్సు ముందే ఆగి ఉంది. నేను ఎక్కబోతుంటే అక్క నా చెయ్యి పట్టి ఆపింది.

"సిరిసిల్ల పోయి అద్దాం. కార్డు పని ఉన్నది."

బీడీలు చేసే ఆడవాళ్ళకు కార్ఖాన ఇచ్చే కార్డు అది. మా అక్క పేరు మీద లోకంలో ఉన్న కాగితం అదొక్కటే. నర్సవ్వ బిడ్డ సిరిసిల్లలో ఉంటుంది, అక్కడి కార్ఖానలోకి కార్డు మార్పించుకుంటే ఆకు మంచిది ఇస్తారని అక్క ఏదో చెప్పింది.  సరే అన్నాను.

సిరిసిల్లలో నర్సవ్వ బిడ్డ మమ్మల్ని మగ్గాల గల్లీలోకి తీసుకుపోయింది. సగం ఇండ్లలో మరమగ్గాలు ఆగిపోయి ఉన్నాయి. మిగతా సగం చప్పుడే గల్లీ అంతా పాకి ఉంది. ఒక పెంకుటిల్లు చివర చిన్న అర్ర, ఒంటిగది, చూపించింది. అందులో ఉన్నవాళ్ళు పని వెతుక్కుంటూ భీవండి పోయారట. దూలానికి తాడు ఒకటి వేలాడుతోంది.

"మగ్గం తాడు," అన్నది ఇంటామె, మేం అడగకముందే. నేతగాళ్ళు ఉరేసుకున్న వార్తలు అప్పట్లో సిరిసిల్ల నుంచి తరచూ వచ్చేవి.

అక్క ఒక్కసారి ఆ తాడును చూసి, చూపు తిప్పింది. "నీళ్ళు ఎప్పుడస్తయి?"

"పొద్దుగాల."

"తలుపుకు లోపల్నుంచి గొళ్ళెం గట్టిగ వడ్తదా?"

ఇంటామె వేసి చూపించింది. అక్క కూడా తన చేత్తో వేసి, తీసి, మళ్ళీ వేసింది. ఇది కార్డు పని కాదని నాకప్పటికి తెలుస్తోంది. కానీ దేని పని అని అడిగే ధైర్యం లేదు. అడిగితే ఆమె కూడా నన్ను ఒకటి అడుగుతుంది.

అక్క ఇంటామెతో కిరాయి మాట్లాడుకుని, ఒడిబియ్యం మూట తీసుకుపోయి అర్రలో ఒక మూల, ఎలుకలు అందకుండా, గూట్లో పెట్టింది. బయటికి వచ్చి తాళం వేసింది.

"అక్కా, బియ్యం."

"బరువున్నయే. ఏం జేస్తం మోసుకొని," అన్నది. తాళంచెవి కొంగుకు కట్టుకుంది.

బస్సులో నా భుజం మీద తల పెట్టి పడుకుంది. వేములవాడ దాటేదాకా ఆమె ఏడ్చిందని తెలియలేదు. నా రవిక చెయ్యి తడిసింది కాబట్టి తెలిసింది. నేను కదలలేదు. 

కోరుట్లలో దిగి ఇంట్లోకి అడుగు పెట్టగానే పోచవ్వ మా చేతుల దిక్కు చూసింది. "ఒడిబియ్యం యేవి పిల్లా?"

"మూఢంల వోసిన బియ్యం ఇంట్లకు తెస్తరా అత్తా?" అన్నది అక్క. "మూఢం పోయినంక సూద్దాం."

పోచవ్వ నోరు తెరిచింది. ఒకప్పటి పోచవ్వ అయితే వాడకట్టు లేచేది. ఇప్పుడు మూఢంలో ఎందుకు పోశారని ఆమె అడగలేదు, బియ్యం ఎక్కడున్నాయనీ అడగలేదు. ఛాయ్ పెడతానని లోపలికి పోయింది.

మిరుగు కార్తె వచ్చింది గానీ వాన రాలేదు. పెట్టె వచ్చింది.

హైదరాబాదు నుంచి బండి వస్తోందని కబురు అందినాక, తెల్లవారుతుండగా మామ అక్క ముందు నిలబడి చెప్పడానికి నోరు తెరిచాడు. అక్క అప్పటికే స్నానం చేసి, వసారాలో చాటలన్నీ గోడకు ఆనించి, చాప పరచడానికి జాగా చేసి ఉంది. పోచవ్వ ఏడుపు అందుకుంది. వాడకట్టంతా వచ్చింది. నలుగురు పెట్టె ఎత్తుకుని చౌకటు లేని వాకిట్లో నుంచి నేరుగా లోపలికి తెచ్చారు. ఎక్కడా తగలలేదు.

"దర్వాజ తీసి మంచి పని చేసిండ్రు మామా," అన్నది అక్క. "ఆయనకు తక్లీబు గాలే."

అప్పుడు మామకు అర్థమైంది. బుగ్గారం నుంచి వచ్చిన మా అవ్వకు అర్థమైంది. ఆ తర్వాత అక్క పెట్టె మీద పడి ఏడ్చిన ఏడుపు నేను రాయలేను. అన్ని వారాలు దాచుకున్నది మేమొక్కళ్ళమే కాదు.

పదకొండోనాడు భోజనాలయ్యాక కులపెద్ద వసారాలో కూర్చున్నాడు. బాపు ఒక పక్క, మామ ఒక పక్క. రాజం దూరంగా స్తంభానికి ఆనుకుని నేల చూస్తున్నాడు. వాడి వీసా కూడా వచ్చింది. అన్న పోయిన దేశానికే పోవాలి.

కులపెద్ద మంచిగానే మాట్లాడాడు. "పిల్ల వయసుల ఉన్నది. బజార్ల ఇడిసిపెట్టలేం. రాజం ఎవలో పరాయోడా? ఇంట్ల మనిషి ఇంట్లనే ఉంటది. ఏమంటవ్ ఆగయ్యా?"

"నేనేమంట," అన్నాడు బాపు. "నా కాడికి అస్తే రోజూ కల్లు నీళ్ళు తాగిపియ్యలేను గదా. ఇంకో బిడ్డ గూడ ఉండె." నా దిక్కు చూసి తల దించుకున్నాడు. 

అక్క లోపలి గదిలో నుంచి బయటికి వచ్చింది. "పెద్దయ్యా, నేను రాజంను ఒక్కటి అడగచ్చా?"

"అడుగు బిడ్డా. నీ బతుకే గదా."

"రాజం," అన్నది అక్క. "నన్ను ఒక్కసారి పిలువు."

వాడు తలెత్తాడు.

"రోజు పిలిచేటట్టే పిలువు. మీ అన్న ఉన్నప్పుడు పిలిచేటట్టు."

వాడి పెదవులు కదిలాయి. మామ, "పిలువురా, ఏంది గట్ల నిలవడ్డవ్?" అన్నాడు. ఏమవుతోందో ఆయనకింకా తెలియలేదు.

"వదినె," అన్నాడు రాజం. ఆ మాట వెంటనే ఏడుపు ముంచుకొచ్చింది. చిన్నపిల్లవాడిలా స్తంభాన్ని పట్టుకుని, "వదినె, నాతోని గాదు వదినె, నేను అద్దనే అన్న," అన్నాడు.

"ఇన్ని దినాలు నోట్ల ఎట్ల ఆపుకున్నవ్ రా," అన్నది అక్క. "నువ్వు గా పిలుపు బంద్ వెట్టిన నాడే నాకు సగం ఎర్కైంది. మా అవ్వ మూఢంల బియ్యం వోసిన నాడు మిగిలింది ఎర్కైంది." కులపెద్ద దిక్కు తిరిగింది. "ఇన్నరు గదా పెద్దయ్యా. వదినెనే అన్నడు. నేను రేపు సిరిసిల్ల పోత."

"సిరిసిల్లల నీకెవలున్నరు?"

"బియ్యం ఉన్నయి."

అవ్వ కొంగు నోట్లో కుక్కుకుంది. కులపెద్దకు అర్థం కాలేదు. కానీ మాట తన చేతిలో నుంచి జారిందని తెలిసింది. గొంతు మారింది. "పో మరి. పోయినంక ఏదన్న అయితే మాకు చెప్పద్దు. ఒంటి ఆడదాన్ని గా ఊరు ఏం జేస్తదో నీకెర్క లేదు. మళ్ల గీ గడప ఎక్కుడు ఉండది."

"గడపే పీకిండ్రు గదనే, ఏది ఎక్కాలె," అని నర్సవ్వ నా వెనక గొణిగింది. ఎవరూ నవ్వలేదు.

మరునాడు పొద్దున బస్టాండు దాకా రాజం ఆటోలో దింపాడు. వదినె పైలం అని రెండుసార్లు అన్నాడు. బాపు రాలేదు. అక్క చేతిలో చాట, కత్తెర, రెండు చీరెలు. నా చేతిలో పుస్తకాల సంచి. అక్కను దింపి వస్తానని అవ్వతో చెప్పాను. బాపుతో చెప్పలేదు. మొదటిసారి ఆయనను అడగకుండా బస్సెక్కాను.

ఆ రాత్రి తలుపుకు గొళ్ళెం పెట్టుకుని పడుకున్నాం. ఎవరో తాగినవాడు గల్లీలో నడుచుకుంటూ వచ్చి, మా తలుపు ముందు కాసేపు ఆగి, పోయాడు. అక్క కూడా మేలుకునే ఉందని నాకు తెలుసు.

తెల్లారి లేచేసరికి దూలానికున్న తాడు దండెమై ఉంది. దాని మీద అక్క చీరె ఆరుతోంది. నీళ్ళు పట్టి, మూడు రాళ్ళు పెట్టి, పొయ్యి రాజేసింది. గూట్లో నుంచి మూట తీసి రెండు ముడులూ విప్పింది. ముత్తైదువలు ఆమె ఒళ్ళో పోసిన బియ్యం, పాలోళ్ళకు వండిపెట్టాల్సిన బియ్యం, కడిగి ఎసట్లో పోసింది. కుడుక ఒకటి పగులగొట్టి పచ్చడి నూరింది.

అన్నం పచ్చగా ఉడికింది. ఇద్దరం ఒక్క గిన్నెలో పెట్టుకున్నాం. పక్క ఇంట్లో మగ్గం మొదలైంది.

"తిను," అన్నది అక్క. "తెల్లారి ఏం తిన్నదో నీ బుక్కులల్ల రాయలే అన్నవ్ గదా. నువ్వన్న రాస్కో."

నేను ముద్ద నోట్లో పెట్టుకున్నాను. పసుపు వాసన, కొంచెం పొగ వాసన. అక్క కూడా ముద్ద కలిపి ఎత్తబోయింది. ఇంతలో దగ్గు వచ్చింది.

ఒకసారి కాదు. చెయ్యి గిన్నెలో పెట్టి, అటు తిరిగి, ఆగి ఆగి దగ్గింది. దగ్గు ఆగాక నా దిక్కు చూసింది. నేను ఆమెనే చూస్తున్నాను. ఆ వసారా, నర్సవ్వ నవ్వు, అట్ట ఊడిన నవలలు అన్నీ ఇద్దరికీ ఒక్కసారే గుర్తొచ్చాయి.

"పొగనే," అన్నది అక్క.

ముద్ద ఎత్తి నోట్లో పెట్టుకుని నమిలింది.